పాము చుట్టలోంచి వచ్చిన మాట: ‘సైక్లోన్’పై సందేహాలు - సమాధానాలు

అక్టోబరు వచ్చిందంటే కోస్తా రైతుకి పొలం ఎంత పచ్చగా ఉన్నా కంటిమీద కునుకుండదు. మా ఉత్తరాల సంచీలోనూ ఆ రోజుల్లో గాలీవానా ఎక్కువే. ఈసారి వచ్చినవాటిలో చాలా భాగం ఒకే ఇంగ్లీషు మాట చుట్టూ తిరిగాయి. అందుకని ఈ నెల శీర్షిక మొత్తం ‘సైక్లోన్’కే ఇచ్చేశాం. ఒకే సందేహం పదిమంది అడిగినచోట ఒకరి ఉత్తరమే వేశాం. మిగతావారు ఏమీ అనుకోవద్దు.

“మాస్టారూ, ‘సైక్లోన్’ అనే మాట మా కోరంగి ఉప్పెనను చూసే పుట్టిందని ముప్పయ్యేళ్లు పిల్లలకి పాఠం చెప్పాను. ఇప్పుడు మా మనవడు కాదంటున్నాడు. ఎవరిది రైటు?”
- విశ్రాంత ఉపాధ్యాయుడు, తాళ్లరేవు

మీరు చెప్పిందాంట్లో సగం నిజం ఉంది, మీ మనవడు చెప్పిందాంట్లోనూ సగం ఉంది. మాట పుట్టిన ఊరు కలకత్తా. పుట్టించినవాడు హెన్రీ పిడింగ్టన్ అనే ఇంగ్లీషువాడు. ఓడ కెప్టెనుగా సముద్రాలు తిరిగి, ఆ తర్వాత కలకత్తాలో స్థిరపడ్డాడు. అక్కడ భూగర్భ సంపదల మ్యూజియానికి క్యూరేటరుగా, ఓడల ప్రమాదాలపై విచారణ జరిపే మెరైన్ కోర్టుకి అధ్యక్షుడిగా పనిచేశాడు. ఆ ఉద్యోగాల మధ్య ఆయనకొక పిచ్చి పట్టుకుంది. బంగాళాఖాతంలో తుఫానులో చిక్కి ప్రాణాలతో బయటపడ్డ ఓడల లాగ్‌బుక్కులు తెప్పించుకునేవాడు. ఫలానా తేదీన, ఫలానా గంటకి, గాలి ఏ దిక్కు నుంచి కొట్టిందో ఒక్కో ఓడ రాసుకున్న వివరాన్ని సముద్రపు పటం మీద బాణం గుర్తుగా వేసేవాడు. బాణాలన్నీ పెట్టాక చూస్తే గాలి సరళరేఖలో పోవడం లేదు, ఒక నడిబొడ్డు చుట్టూ తిరుగుతోంది.

ఈ పరిశోధనలను ఆయన 1839 నుంచి ఏషియాటిక్ సొసైటీ జర్నల్లో వరుసగా రాశాడు. రెండో వ్యాసమే 1839 నవంబరులో మీ కోరంగిని కొట్టిన తుఫాను గురించి. అంతకు ముందు 1789 డిసెంబరులో కోరంగి మీదికి ఒకదాని వెనక ఒకటిగా మూడు పెద్ద కెరటాలు వచ్చి ఊరిని ముంచేసిన సంగతి కూడా ఆయన రాతల్లో ఉంది. కాబట్టి ఈ కేసులో కోరంగిది పెద్ద సాక్ష్యమే. అయితే ఆ మాటను కన్నది మాత్రం కోరంగి కాదు.

గాలి గుండ్రంగా తిరుగుతుందన్న మాట పిడింగ్టన్‌కి ముందే అమెరికాలో విలియం రెడ్‌ఫీల్డ్, ఇంగ్లీషు సైన్యంలో విలియం రీడ్ చెప్పారు. కాదు, తిన్నగా నడిమికే దూసుకొస్తుందన్నవాళ్లూ ఉన్నారు. ఈ తగాదా తేలకముందే నావికుడికి ఒక పేరు కావాలి. ‘వృత్తం’ అని పేరు పెడితే అది కచ్చితమైన వృత్తం కాదని ఎవరో ఒకరు పేచీ పెడతారు. అందుకని పిడింగ్టన్ గ్రీకు భాషలోకి వెళ్లి చుట్టు, చక్రం అనే అర్థాలతో పాటు పాము చుట్ట అనే అర్థం కూడా ఉన్న మాటను ఎంచుకున్నాడు. చుట్ట చుట్టుకున్న పాము గుండ్రంగానూ ఉంటుంది, పక్కా వృత్తమూ కాదు. ఆ వెసులుబాటు కోసమే ఆ మాట. దాన్ని లోకానికి పరిచయం చేసిన పుస్తకం 1848లో వచ్చింది. పేరు ‘ద సెయిలర్స్ హార్న్‌బుక్ ఫర్ ద లా ఆఫ్ స్టార్మ్స్’.

ఆ పేరులో ఒక చమత్కారం ఉంది. హార్న్‌బుక్ అంటే ఆ కాలపు ఇంగ్లీషు పిల్లల పెద్దబాలశిక్ష లాంటిది. అక్షరాల కాగితం చిరగకుండా దానిమీద పల్చగా చెక్కిన కొమ్ము రేకు బిగించేవారు. పిడింగ్టన్ కూడా తన పుస్తకంతో పాటు వలయాలూ బాణాలూ గీసిన పారదర్శకమైన కార్డులు ఇచ్చాడు. కెప్టెను చేయవలసింది ఇంతే. తన ఓడ ఉన్న చోట పటం మీద కార్డు పెట్టి, గాలి వీచే దిక్కుకి సరిపోయే బాణం ఓడ మీదికి వచ్చేదాకా జరపాలి. అప్పుడు కార్డు నడిబొడ్డు ఎక్కడ పడిందో తుఫాను నడుమ అక్కడుంది, ఓడను అటు పోనివ్వకూడదు. రేడియో లేదు, ఉపగ్రహం ఊహలో కూడా లేదు. ఒక పల్చటి రేకు ఓడను కాపాడేది. భూమధ్యరేఖకి ఉత్తరాన గాలి గడియారం ముళ్లకి ఎదురుగా, దక్షిణాన ముళ్లతో పాటుగా తిరుగుతుంది కాబట్టి రెండు అర్ధగోళాలకూ వేర్వేరు కార్డులుండేవి.

ఇంకొక్క ముక్క చెప్పి వదిలేస్తాను. కోరంగి పేరుకి ఇంగ్లీషువాళ్ల నోట మరో ముద్ర కూడా పడింది. రంగూన్ రేవులో, రైసుమిల్లుల్లో పనిచేయడానికి ఓడలెక్కిన తెలుగు కూలీలందరినీ, ఏ ఊరివాళ్లయినా సరే, బర్మాలో ‘కోరంగీలు’ అనేవారు. మనవడికి ఇది కూడా చెప్పండి. ఈసారి మీదే పైచేయి.

“హరికేన్, టైఫూన్, సైక్లోన్... మూడూ ఒకటేనని మా లెక్చరరు, హరికేన్ పెద్దదని మా అన్నయ్య. ఏది సరి?”
- డిగ్రీ విద్యార్థిని, మచిలీపట్నం

లెక్చరరు చెప్పిందే సరి, అయితే మీ అన్నయ్య పొరపాటుకి ఒక కారణం ఉంది.

వెచ్చటి సముద్రం మీద పుట్టి సుడి తిరిగే ఈ గాలివాన అట్లాంటిక్‌లోనూ, పసిఫిక్ తూర్పు భాగంలోనూ పుడితే హరికేన్. చైనా, జపాన్, ఫిలిప్పీన్స్ వైపు పసిఫిక్‌లో పుడితే టైఫూన్. హిందూ మహాసముద్రంలోనూ, ఆస్ట్రేలియా చుట్టుపక్కలా పుడితే సైక్లోన్. జాతి ఒకటే, పేరు మాత్రం పుట్టిన సముద్రాన్ని బట్టి.

ఇక తేడా ఎక్కడంటే, పేరు పెట్టే మెట్టు దగ్గర. మన వాతావరణ శాఖ లెక్కలో అల్పపీడనం బలపడి గాలి గంటకి 31 కిలోమీటర్లు దాటితే వాయుగుండం, 50 తాకితే తీవ్ర వాయుగుండం, 62 తాకితే తుఫాను, 89 దగ్గర తీవ్ర తుఫాను, 118 దగ్గర అతి తీవ్ర తుఫాను. 222 చేరితే సూపర్ సైక్లోన్, 1999లో ఒడిశాను ముంచినది ఆ కోవలోదే. అమెరికావాళ్లు మాత్రం గాలి 119 కిలోమీటర్లకి వచ్చేదాకా హరికేన్ అనరు, ‘ట్రాపికల్ స్టార్మ్’ అని ఊరుకుంటారు. అంటే మనం మూడు మెట్లు తుఫాను అని పిలిచాక వాళ్లు మొదటిసారి హరికేన్ అంటారు. అందుకే సగటు హరికేన్ సగటు సైక్లోన్ కంటే పెద్దదిగా కనిపిస్తుంది. పిడింగ్టన్ పెట్టిన మాటలో బలం ఊసే లేదు, తిరగడం ఒక్కటే ఉంది. దాని మీద అంతస్తులు కట్టింది తర్వాతి వాళ్లు.

‘తుఫాను’ మన మాట కాదేమోనని అదే ఉత్తరంలో చివర అడిగారు. అరబ్బీలో వరద, గాలివాన అనే అర్థాలున్న ‘తూఫాన్’ పారసీ, ఉర్దూల మీదుగా మనకి వచ్చింది. అదే మాట పోర్చుగీసు నావికుల నోట ఇంగ్లీషులోకి పోయి, చైనావాళ్లు పెనుగాలిని పిలిచే మాటతో కలిసిపోయి ‘టైఫూన్’ అయింది. కాబట్టి మన తుఫానూ, జపాను టైఫూనూ దూరపు చుట్టాలు. ఇక ‘హరికేన్’ది కరీబియన్ దీవుల ఆదివాసుల భాష, స్పానిష్‌వాళ్లు మోసుకొచ్చారు. ‘తుఫాను’, ‘తుపాను’ రెండూ వాడుకలో ఉన్నాయి, ఏది రాసినా తప్పు పట్టకండి. అచ్చ తెలుగే కావాలంటే ‘గాలివాన’ ఉండనే ఉంది. పాలగుమ్మి పద్మరాజు ఆ పేరుతో రాసిన కథకే 1952లో న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ నడిపిన అంతర్జాతీయ కథల పోటీలో రెండో బహుమతి వచ్చింది.

“హుద్‌హుద్ నాడు మా వీధిలో గాలి ఒక్కసారిగా ఆగిపోయింది. అయిపోయిందనుకుని అందరం బయటికొచ్చాం. కాసేపటికి మళ్లీ విరుచుకుపడింది. తుఫాను వెనక్కి తిరిగి వస్తుందా?”
- గృహిణి, విశాఖపట్నం

తుఫాను వెనక్కి రాలేదమ్మా, మీరు దాని కంటిలో నిలబడ్డారు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ నడిబొడ్డు మీ నగరం మీదుగానే తీరం దాటింది. బలమైన తుఫాను నడుమ గాలి తగ్గి, ఒక్కోసారి ఆకాశం కూడా కనిపించే ఆ ఖాళీ జాగాని ‘కన్ను’ అంటారు. దాని చుట్టూ ఉన్న మబ్బుల గోడలోనే గాలి అన్నిటికంటే ఉద్ధృతం. మొదట గోడ ఒకవైపు మీమీదుగా పోయింది, తర్వాత కన్ను, ఆ తర్వాత గోడ రెండోవైపు. గాలి తిరుగుతోంది కాబట్టి రెండోసారి కొట్టేది ఎదురు దిక్కు నుంచి. వాయవ్యానికి కదిలే తుఫానులో మొదట ఈశాన్యం నుంచి వీచిన గాలి, కన్ను దాటాక నైరుతి నుంచి వస్తుంది. మొదటి గాలికి వేళ్లు కదిలిన చెట్టు, సందు చూసి లేచిన రేకు రెండో గాలికి పడతాయి. కన్ను వచ్చినప్పుడు బయటికి రావద్దని అధికారులు మొత్తుకునేది ఇందుకే.

రెడ్‌ఫీల్డ్‌కి మొదట ఈ సంగతి తట్టింది కూడా పడిపోయిన చెట్ల వల్లే. 1821లో అమెరికాలోని కనెక్టికట్ వైపు ఒక హరికేన్ వెళ్లాక ఆయన ఆ దారిన పోతూ ఒకచోట చెట్లు ఒక దిక్కుకి, కొంత దూరం పోయాక సరిగ్గా ఎదురు దిక్కుకి పడి ఉండటం చూశాడు. ఒకే గాలి రెండు వైపులా ఎలా తోస్తుంది? తిరిగితేనే తోస్తుంది.

ఇంగ్లీషు పత్రికల్లో ‘ఐ ఆఫ్ ద స్టార్మ్’ అని కనిపిస్తే జాగ్రత్తగా చదవండి. అసలు అర్థం చుట్టూ గందరగోళం ఉన్నా నడుమ ప్రశాంతంగా ఉన్న చోటు. ఇప్పుడు దాన్ని వివాదానికి కేంద్రబిందువైన మనిషికి కూడా వాడేస్తున్నారు. ఆ వాడుక స్థిరపడిపోయింది, ఆపలేం. నా మటుకు నేను వాడను. మీవాళ్లు ఆ మధ్యాహ్నం వీధిలో ఎంత నెమ్మదిగా నిలబడ్డారో తలుచుకుంటే మీకూ వాడబుద్ధి కాదు.

“మా అమ్మాయి అయోవాలో ఎమ్మెస్ చేస్తోంది. ‘సైక్లోన్స్’ అని రాసి ఉన్న టీషర్టు వేసుకుని ఫొటో పంపింది. సముద్రమే లేని రాష్ట్రంలో తుఫానులేమిటి? పైగా టీషర్టు మీద పిట్ట బొమ్మ!”
- ఒక తండ్రి, గుంటూరు

మీ అమ్మాయి చదివేది ఏమ్స్‌లోని అయోవా స్టేట్ యూనివర్సిటీ అయి ఉండాలి. అక్కడి ఆటగాళ్ల జట్లన్నిటి పేరూ సైక్లోన్సే. అయితే ఆ సైక్లోన్ మనది కాదు. పందొమ్మిదో శతాబ్దం చివర్లో అమెరికా మధ్య రాష్ట్రాలవాళ్లు ఇప్పుడు ‘టోర్నడో’ అంటున్నదాన్ని సైక్లోన్ అనేవారు. తుఫాను వందల కిలోమీటర్లు పరుచుకుని రోజుల తరబడి నడుస్తుంది. టోర్నడో మబ్బులోంచి ఏనుగు తొండంలా నేలకి దిగి, సాధారణంగా నిమిషాల్లో పని ముగించుకుంటుంది. రెండూ తిరిగేవే కాబట్టి మాట రెంటికీ సరిపోయింది. 1895లో ఈ కాలేజీ ఫుట్‌బాల్ జట్టు షికాగో దగ్గరి నార్త్‌వెస్టర్న్ జట్టును 36-0తో చిత్తు చేస్తే, ఓడినవాళ్లని సైక్లోన్ కొట్టిందని షికాగో ట్రిబ్యూన్ శీర్షిక పెట్టింది. ఆ పేరు జట్టుకి అతుక్కుపోయింది. పిట్ట కథ ఇంకా తమాషా. 1954లో మైదానంలో గెంతడానికి ఒక బొమ్మ వేషం కావలసి వచ్చింది. సుడిగాలికి వేషం ఎలా కుట్టిస్తారు? జట్టు రంగుల్లో ఒకటి కార్డినల్ ఎరుపు, ఆ పేరుతోనే ఎర్రటి పిట్ట ఒకటుంది. దానికే వేషం వేయించి ‘సై’ అని పేరు పెట్టారు.

ఆ రోజుల అమెరికాలో ఈ మాటకి ఎంత గిరాకీయో చెప్పడానికి మరో రెండు ముక్కలు చాలు. 1900లో వచ్చిన ‘విజార్డ్ ఆఫ్ ఆజ్’ నవలలో డొరొతీని ఇంటితో సహా ఎత్తుకుపోయిన టోర్నడోని రచయిత సైక్లోన్ అనే రాశాడు, మొదటి అధ్యాయం పేరే అది. ఇక 1893లో షికాగో సభల తర్వాత ఊరూరా ఉపన్యాసాలిస్తూ తిరిగిన స్వామి వివేకానందకి అక్కడ వచ్చిన బిరుదు ‘సైక్లోనిక్ హిందూ’. దాన్ని బంగాళాఖాతపు తుఫానుగా మనం ఊహించుకుంటాం. పెట్టినవాళ్ల మనసులో ఉన్నది మైదానాల్లో ఊళ్లను లేపేసే సుడిగాలి.

డొరొతీ కథలోనే ‘సైక్లోన్ సెల్లార్’ అని ఒక గొయ్యి వస్తుంది. ఇంటి నేలలో తవ్వుకుని, గాలి వస్తే తలుపు తీసి దిగిపోయే చోటు. మన తీరంలోని సైక్లోన్ షెల్టర్లు ఎలా ఉంటాయో మీకు తెలుసు, ఎత్తయిన స్తంభాల మీద, మెట్లెక్కి పైకి పోయేలా. వాళ్లకి గాలి నుంచి దాక్కోవాలి, మనకి నీటి నుంచి తప్పించుకోవాలి. ఒకే మాట నమ్ముకుని మనం వాళ్లలా గోతిలోకి దిగితే అంతే సంగతులు.

“మా రైసుమిల్లులో దుమ్ము లాగే డబ్బాని సైక్లోన్ అంటాం. సిమెంటు ఫ్యాక్టరీలో పనిచేసే మా బావమరిది కూడా తమ టవరులోవి సైక్లోన్లే అంటాడు. గాలివానకీ డబ్బాకీ ఏమిటి సంబంధం?”
- మిల్లు యజమాని, మిర్యాలగూడ

మీ మిల్లులో మోటారు ఆపించి, దాన్ని ఒకసారి బయట నుంచే చూడండి. పైన గుండ్రటి డొల్ల, కింద సన్నబడుతూ వచ్చే గరాటు. ఊకపొడి, దుమ్ము కలిసిన గాలి గొట్టం డొల్ల నడిమికి రాదు, అంచుని రాసుకుంటూ పక్కవాటుగా వచ్చి కలుస్తుంది. ఆ ఒక్క ఏర్పాటుతోనే గాలి లోపల గిర్రున తిరుగుతుంది. తిరిగేటప్పుడు బరువున్న రేణువులు గోడకి విసిరేసినట్టుగా పోయి, జోరు తగ్గి, గరాటు గోడ వెంట కిందికి జారి సంచిలోనో తొట్టిలోనో పడతాయి. తేలికపడ్డ గాలి నడిమిలో తిరుగుతూనే పైకి లేచి మధ్య గొట్టం గుండా బయటికి పోతుంది. జల్లెడ లేదు, గుడ్డ లేదు, లోపల కదిలే చక్రం కూడా లేదు. ఈ పద్ధతికి అమెరికాలో 1885లో పేటెంటు వచ్చింది.

మీ బావమరిది చెప్పేది కూడా ఇదే ఒడుపు, కాకపోతే పని వేరు. సిమెంటు కొలిమిలోకి పోయే రాతిపొడిని ముందుగా వేడెక్కించడానికి ఆ టవరులో ఒకదాని మీద ఒకటిగా సైక్లోన్లు పేరుస్తారు. పొడి పైనుంచి కిందికి దిగుతుంటే కొలిమి నుంచి వచ్చే వేడి వాయువు ఎదురొచ్చి కలుస్తుంది. ప్రతి అంతస్తులోనూ పొడికి వేడి పట్టించాక రెంటినీ విడదీయాలి, ఆ విడదీసేది ఈ డబ్బాయే. లేకపోతే ఆ వేడంతా పొగగొట్టం పాలు. సంచి లేని వాక్యూమ్ క్లీనరుతో పేరు తెచ్చుకున్న జేమ్స్ డైసన్‌కి దారి చూపింది కలప మిల్లు మీద ఉన్న ఇలాంటి డబ్బాయే. దాన్ని ఇంట్లో పట్టేటంత చిన్నది చేయడానికి ఆయన 5,127 నమూనాలు కట్టాడు.

ఒక తేడా మాత్రం గుర్తుంచుకోండి. తుఫానులో గాలి చుట్టుపక్కల నుంచి నడిమి వైపు వచ్చి పైకి లేస్తుంది. మీ డబ్బాలో మనకి పనికొచ్చేది నడిమి నుంచి అంచుకి విసిరేయడం. పేరు పెట్టినవాళ్లు సుడి ఒక్కదాన్నే చూశారు.

“ఇక్కడి టీవీలో ‘బాంబ్ సైక్లోన్’ అంటుంటే హడలిపోయాం. అది చానెళ్ల మసాలాయేనా?”
- తెలుగు కుటుంబం, న్యూజెర్సీ

మసాలా అనుకోవద్దు, అది శాస్త్రవేత్తల మాటే. ఫ్రెడరిక్ శాండర్స్, జాన్ జ్యాకమ్ 1980లో రాసిన వ్యాసంలో ఒక కొలత పెట్టారు. అరవై డిగ్రీల అక్షాంశం దగ్గర తుఫాను నడిబొడ్డున గాలి పీడనం 24 గంటల్లో 24 మిల్లీబార్లు పడిపోతే అది ‘బాంబ్’. దక్షిణానికి వచ్చేకొద్దీ ఈ కొలత తగ్గుతుంది, మీ న్యూజెర్సీ అక్షాంశానికి సుమారు 18 చాలు. ఇది మన తుఫానులా వెచ్చటి సముద్రం మీద పుట్టేది కాదు, చలిగాలీ వెచ్చటి గాలీ ఢీకొన్నచోట పుట్టేది. మంచు తుఫానుగా మీ గుమ్మంలోకి వస్తుంది. మాట విని భయపడక్కర్లేదు గానీ, ఇంట్లో పాలూ బియ్యం మాత్రం చూసుకోండి.

“తుఫానుకి ‘ఫణి’ అని సంస్కృతం పేరు పెట్టిందెవరు? మిచౌంగ్‌ని మిగ్‌జాం అని ఎందుకు చదవమన్నారు?”
- కళాశాల లైబ్రేరియన్, శ్రీకాకుళం

2019 మే 3న పూరీ దగ్గర తీరం దాటిన ఫణి పేరు బంగ్లాదేశ్ ఇచ్చింది. వాళ్ల ఉచ్చారణలో ‘ఫొని’. పాము, పాము పడగ అనే అర్థం మనకి తెలిసిందే. పేరు పెట్టినవాళ్లకి పిడింగ్టన్ గుర్తొచ్చాడో లేదో గానీ, పాము చుట్ట అనే అర్థం చూసి ఏరుకున్న మాటకి నూట డెబ్భై ఏళ్లకి పామే పేరుగా రావడం నాకు భలే నచ్చింది.

ఉత్తర హిందూ మహాసముద్రపు తుఫానులకి పేర్లు పెట్టడం 2004లో మొదలైంది. అప్పుడు 8 దేశాలు కలిసి 64 పేర్లిచ్చాయి. అవి 2020లో అంఫాన్‌తో అయిపోయాయి. ఇప్పుడు నడుస్తున్నది 13 దేశాలిచ్చిన 169 పేర్ల జాబితా. వాయుగుండం 62 కిలోమీటర్ల మెట్టెక్కి తుఫాను కాగానే వరసలో ఉన్న పేరు దానికి పడుతుంది. ఒకసారి వాడిన పేరు మళ్లీ వాడరు. 1977 నాటి దివిసీమ తుఫానుకి గానీ, 1996 నాటి కోనసీమ తుఫానుకి గానీ పేర్లు లేనిది 2004కి ముందు ఈ పద్ధతే లేదు కాబట్టి. హుద్‌హుద్ అంటే తలమీద తురాయి ఉన్న ఒక పిట్ట, పేరిచ్చింది ఒమాన్. 2023 డిసెంబరులో బాపట్ల దగ్గర తీరం దాటిన మిచౌంగ్ మయన్మార్ ఇచ్చిన పేరు. వాళ్లు రాసేది ఒకలా, పలికేది ఒకలా. ఇంగ్లీషు స్పెల్లింగు చూసి చదివినవాళ్లు మిచౌంగ్ అన్నారు, వాతావరణ శాఖ ఉచ్చారణ చూసినవాళ్లు మిగ్‌జాం అన్నారు. మన పత్రికల్లో రెండూ కనిపించాయి. రాసినట్టు పలికే భాషలో పుట్టిన మనకి ఇది తలనొప్పే.

“యాంటీ సైక్లోన్ అంటే తుఫానుని ఆపే మందా?”
- ఇంటర్ విద్యార్థి, నిజామాబాద్

కాదు నాయనా. నడిమిలో పీడనం ఎక్కువై, గాలి బయటికి, ఎదురు దిక్కుకి తిరిగే చోటు. 1863లో ఫ్రాన్సిస్ గాల్టన్ పెట్టిన పేరు. మీ పాఠ్యపుస్తకంలో ప్రతిచక్రవాతం అని ఉంటుంది. అది ఉన్నచోట వాన ఉండదు, ఆకాశం తేటగా ఉంటుంది.

“పత్రికలో పని నేర్చుకుంటున్నాను. ‘టీకప్పులో తుఫాను’, ‘సుడిగాలి పర్యటన’... వీటికి ఇంగ్లీషులో సైక్లోన్ వాడొచ్చా?”
- జర్నలిజం విద్యార్థి, హైదరాబాద్

వాడకండి. టీకప్పులో ఉండేది ‘స్టార్మ్’, సుడిగాలి పర్యటన ‘వర్ల్‌విండ్’. క్రికెట్లో కూడా కపిల్‌దేవ్ హర్యానా హరికేన్, ఇంగ్లండు ఫాస్ట్ బౌలర్ ఫ్రాంక్ టైసన్‌ది టైఫూన్. నాకు తెలిసి అక్కడ సైక్లోన్ ఎవరికీ దక్కలేదు. ఇంగ్లీషులో ఈ మాట ఇప్పటికీ ఎక్కువగా సముద్రం దగ్గరా యంత్రాల దగ్గరా ఉండిపోయింది, మనిషి కోపతాపాల దాకా పెద్దగా రాలేదు. న్యూయార్క్‌లోని కోనీ ఐలండ్‌లో 1927 నుంచి తిరుగుతున్న చెక్క రోలర్ కోస్టర్‌కి మాత్రం ఆ పేరుంది. అమెరికాలో వలలా అల్లిన ఇనుప తీగ కంచెని ‘సైక్లోన్ ఫెన్స్’ అంటారు, అది ఒక కంపెనీ పేరు జనం నోట సరుకు పేరైన కథ.

ఇంకో జాగ్రత్త. జర్మన్‌లో ఇదే మాట ‘జైక్లోన్’. నాజీలు గ్యాస్ గదుల్లో లక్షల మందిని చంపడానికి వాడిన పురుగుమందు పేరు జైక్లోన్-బి. 2002లో అంబ్రో కంపెనీ ఒక బూటుకి అదే స్పెల్లింగుతో పేరు పెట్టి, నిరసనలు రాగానే వెనక్కి తీసుకుంది. సరుకుకి పేరు పెట్టేవాళ్లు నాలుగు భాషల్లో విచారించుకోవడం మంచిది.

“1977లో మా తాతగారి కుటుంబంలో సగంమంది పోయారు. ఇంగ్లీషు పుస్తకాల్లో దివిసీమ సైక్లోన్ అని రాస్తారు. మా ఇంట్లో ఎవరూ తుఫాను అనరు, ఉప్పెన అంటారు. ఏది సరైన మాట?”
- పాఠకురాలు, అవనిగడ్డ

మీ ఇంట్లో అనేదే సరైన మాట. సైక్లోన్ గాలి తిరిగిన తీరు చెబుతుంది. ప్రాణాలు తీసిన నీటి గురించి అందులో ఒక్క అక్షరం లేదు. 1977 నవంబరు 19న ఆ తుఫాను తీరం దాటింది చీరాల దగ్గర. దివిసీమ దానికి తూర్పు వైపు. గాలి గడియారం ముళ్లకి ఎదురుగా తిరుగుతుంది కాబట్టి, నడిబొడ్డుకి తూర్పున అది దక్షిణం నుంచి ఉత్తరానికి, అంటే సముద్రం నుంచి నేల మీదికి వీస్తుంది. దివిసీమ తీరం దక్షిణానికి తెరుచుకుని ఉంది, లోతు తక్కువ సముద్రం, ఎత్తు లేని నేల. గాలి తోసిన నీరు దాదాపు ఐదు మీటర్ల ఎత్తున ఊళ్ల మీదికి వచ్చింది. సర్కారు లెక్కల్లోనే సుమారు పదివేల మంది పోయారు. తుఫాను తాకిన చోట కంటే దాని కుడిపక్కన ఎక్కువ నష్టం ఎందుకన్నది చాలామందికి అర్థం కాదు. పిడింగ్టన్ కార్డు మీద బాణాలు చూస్తే అర్థమవుతుంది.

ఆయన నీటిని మరిచిపోయినవాడు కాదు. కలకత్తాకి దక్షిణాన మాత్లా నది ఒడ్డున కొత్త రేవు కడతామని ప్రభుత్వం తలపెట్టినప్పుడు, అక్కడ కట్టవద్దు, ఒకనాడు తుఫాను అల వచ్చి అంతా తుడిచిపెడుతుందని 1853లో గవర్నర్ జనరల్ డల్హౌసీకి బహిరంగ లేఖ రాశాడు. వినలేదు. పోర్ట్ కానింగ్ కట్టారు. పిడింగ్టన్ 1858లో చనిపోయాడు. 1867లో ఉప్పెన వచ్చి ఆ రేవును పాడుపెట్టేసింది.

ఇంగ్లీషు పత్రికలు చాలాకాలం దీన్ని ‘టైడల్ వేవ్’ అన్నాయి. ఆటుపోట్లతో దానికి సంబంధం లేదు, పోటు సమయంలో వస్తే ఇంకా ఎత్తు పెరుగుతుందంతే. ఇప్పటి శాస్త్రపు మాట ‘స్టార్మ్ సర్జ్’. మనకి ఆ అవస్థ లేదు, ఉప్పెన అంటే తీరంలో ప్రతి పిల్లవాడికీ తెలుసు.

తుఫాను హెచ్చరిక వచ్చినప్పుడు గాలి వేగం దగ్గరే టీవీ కట్టేయకండి. సాధారణ పోటు కంటే ఎన్ని మీటర్ల ఎత్తున ఉప్పెన రావచ్చో వాతావరణ శాఖ బులెటిన్‌లో విడిగా చెబుతారు. మీ ఊరు తుఫాను తీరం దాటే చోటుకి ఏ పక్కన ఉందో చూసుకోండి. మన తూర్పు తీరంలో ఉత్తరం, ఈశాన్యం పక్కనుంటే షెల్టరుకి అందరికంటే ముందు బయల్దేరండి.